ఉప్పు చాలిన చోట

భీమశంకరరావు భోజనానికి కూర్చున్నాడంటే కామేశ్వరి కుడిచేతిలో గరిటె, ఎడమచేతిలో విసనకర్ర ఉండి తీరాలి. పదకొండేళ్ళుగా ఉంటున్నాయి. ముందుగదిలో సీలింగు ఫ్యాను తిరుగుతూనే ఉంటుంది, కానీ వంటింట్లో పీట మీద కూర్చుని తింటేగాని తనకి తిన్నట్టుండదంటాడు. పీట మీద ఆయన, పక్కన గోడకి ఆనుకుని ఆమె, మధ్యలో ఈగలు. చారు వడ్డించడానికి విసరడం ఆపితే చాలు, ఒకటి వచ్చి కంచం అంచు మీద వాలుతుంది. ఆయన ముద్ద ఆపి దాన్ని చూస్తాడు. ఎడమచెయ్యి ఖాళీగానే ఉన్నా తోలడు. తోలవలసిన మనిషెవరో ఆ మనిషికి గుర్తు చెయ్యడానికి అలా చూస్తూ కూర్చుంటాడు, ఆమె చారుగిన్నె కింద పెట్టి విసనకర్ర అందుకునేదాకా.

"ఇంట్లో ఈగ ఉందంటే ఇల్లాలు నిద్రపోతోందని అర్థం" అని ఒక్కోరోజు పైకే అంటాడు. అది ఆమె కోసమని ప్రత్యేకంగా తయారుచేసిన మాటేం కాదు. ఆయన శానిటరీ ఇన్‌స్పెక్టరు. వన్ టౌన్ వీధుల్లోనూ, సముద్రపొడ్డు పేటల్లోనూ ఆడవాళ్ళని పోగుచేసి, ఈగ బొమ్మ వేసిన అట్టని కర్రతో చూపిస్తూ ఇచ్చే ఉపన్యాసంలో మొదటి వాక్యమే అది. ఎక్కువ చప్పట్లు ఆ వాక్యానికేనని ఆయన నమ్మకం. ఆ అట్ట వాళ్ళింట్లోనే బీరువా వెనక ఉంటుంది. నెలకోసారి దాని దుమ్ము దులిపేది కూడా ఆ నిద్రపోతున్న ఇల్లాలే.

అత్తగారు వరహాలమ్మ మాత్రం పక్కింటివాళ్ళ దగ్గర కోడల్ని మెచ్చుకునేది. "మా కోడలు మావాడి మీద ఈగ వాలనివ్వదమ్మా" అనేది. లోకంలో అందరూ ఏ అర్థంలో అంటారో ఆవిడా అదే అర్థంలో అనేది గానీ, కామేశ్వరికి ఆ మాట విన్నప్పుడల్లా ఎడమ భుజం సలిపేది. అందరివీ అయ్యాక తను తినడానికి కూర్చునేసరికి ఈగలు ఇల్లంతా తమదే అయినట్టు తీరిగ్గా ఉండేవి. తన కంచానికి తనే విసురుకోవడమంటే ఎందుకో ఆమెకి సిగ్గు. నాలుగు ముద్దలు గబగబా మింగి లేచిపోయేది.

ఆ ఏడు, ఎనభయ్యో సంవత్సరంలో, తొలకరికి ముందే ఈగలు కమ్మేశాయి. మామిడిపళ్ళ రోజులు. ఉప్పూ పసుపూ కలిపిన నీళ్ళతో గచ్చు తుడిచింది. నిప్పుల మీద వేపాకు వేసి పొగ పెట్టింది. ఫ్లిట్ మందు కొట్టింది. గిన్నె గిన్నెకీ గుడ్డ కట్టింది. టెంకలూ తొక్కలూ కాగితంలో చుట్టి వీధి చివర చెత్తకుండీ దాకా మోసుకెళ్ళి పారేసింది. అక్కడే ఆమెకి అసలు సంగతి తెలిసింది. కుండీ నిండి పొర్లి నెలరోజులై ఉంటుంది, ఎత్తినవాళ్ళు లేరు. పై చెత్త కాస్త జరిగితే కిందంతా తెల్లగా కదులుతోంది. మధ్యాహ్నం గాలి మళ్ళగానే అక్కడ లేచిన ఈగలు సరాసరి వాళ్ళ వీధికిటికీలోంచి లోపలికొచ్చేవి. రెండు వారాలు వరసగా చూసి మరీ రూఢి చేసుకుంది. చదువు పదో తరగతితో ఆగిపోయినా చూసినదాన్ని సరిగ్గా చూడటం ఆమెకి చిన్నప్పటినుంచీ అలవాటు.

ఆ కుండీ ఎత్తించవలసింది భీమశంకరరావే. మొదటిసారి చెప్పినప్పుడు ఆయన పేపర్లోంచి తల ఎత్తలేదు. రెండోసారి ఎత్తాడు. "నా ఉద్యోగం నాకు నేర్పుతున్నావా? ముందు నీ వంటిల్లు చూసుకో" అన్నాడు. మూడోసారి ఆమె చెప్పలేదు.

ఆమె మాట వినే మనిషి ఆ ఊళ్ళో ఒక్కతే ఉంది, చిలకమ్మ. జాలరిపేట మనిషి. తెల్లవారకముందే ఫిషింగ్ హార్బర్లో వేలంపాట పాడి చేపలు తెచ్చుకుని, వీధులన్నీ తిరిగి, ఒంటిగంట వేళకి కామేశ్వరి పెరట్లో గంప దించేది. అప్పటికి ఆయన తిని ఆఫీసుకి వెళ్ళిపోయేవాడు, అత్తగారు నిద్రపోయేది, నాలుగో తరగతి చదివే కూతురు బళ్ళో ఉండేది. గోదావరి ఏటిచేప తిని పెరిగిన కామేశ్వరికి సముద్రపు చేపల పేర్లు నేర్పింది చిలకమ్మే. బేరం అయినా కాకపోయినా చెంబుడు నీళ్ళు తాగి నూతిగట్టు మీద కాసేపు కూర్చునేది. కామేశ్వరి ఇంట్లో జరిగినదేదో చెబుతూంటే మధ్యలో ఆపి, "అప్పుడు మీరేటన్నారు?" అని అడిగేది. తను ఏమందో తెలుసుకోవాలనుకున్న మనిషి కామేశ్వరికి అంతవరకూ తారసపడలేదు. చాలాసార్లు, ఏమీ అనలేదనే చెప్పవలసి వచ్చేది. అయినా ఆ ప్రశ్న కోసం రేపటిదాకా ఎదురుచూసేది.

వెళ్ళేటప్పుడు చిలకమ్మ "ఓ సెయ్యెయ్యండమ్మా" అనేది. నిండు గంప ఒక్క మనిషి వల్ల నెత్తికెక్కదు. ఎదురుగా ఇంకొకరు నిలబడి రెండో పక్క పట్టి లేపాలి. కామేశ్వరి లేపేది. ఆ తరవాత చేతులు సున్నిపిండితో తోముకున్నా అత్తగారు వాసన పట్టేసి, ఇన్‌స్పెక్టరు పెళ్ళానికి చేపల గంపలు మొయ్యడమేమిటని సణిగేది.

ఒకరోజు చిలకమ్మ ఆమెని వెనకసందులో ఉన్న పాత గోడౌనుకి తీసుకెళ్ళింది. వారసుల తగాదాలో పడి ఏళ్ళ తరబడి మూసి ఉన్న గోడౌను అది, సగం రేకులు ఎగిరిపోయాయి. అమ్ముడుపోని చేపల్ని చిలకమ్మా, ఇంకో ఆరుగురు ఆడవాళ్ళూ అక్కడ తొట్లలో ఊరేసి, ఎండ వచ్చిన రోజున ఎండబెట్టుకుంటున్నారు. ఏడు తొట్లు. ఆడవాళ్ళు కత్తిపీటల ముందు కూర్చుని చేపలు చీలుస్తూ, ఒకరి మొగుడు తాగొచ్చి తలుపు ఎలా కొడతాడో ఇంకొకరు చేసి చూపిస్తూ నవ్వుకుంటున్నారు. కామేశ్వరికి ఓ గంప బోర్లించి వేశారు. ఆమె దాని మీద కూర్చుని, కళ్ళమ్మట నీళ్ళొచ్చేలా నవ్వింది. పెళ్ళయ్యాక అలా నవ్విన గుర్తు లేదు.

ఇన్ని చేపలుంటే ఈగలు పట్టవా అని ఆమె అడిగింది. చిలకమ్మ ఆమె చెయ్యి పట్టుకుని తొట్టి దగ్గరికి తీసుకెళ్ళి, పైన వేసిన గోనెపట్టా ఎత్తి చూపించింది.

"ఉప్పు సాలినకాడ ఈగ పిల్లెట్టదమ్మా. పిసినారోళ్ళ తొట్టిలోనే పురుగు. మా ఏడు తొట్టిల్లోనూ ఎతకండి, ఒక్క పురుగు కనబడితే నాను ఈ పని మానీత్తాను."

కామేశ్వరి నిజంగానే వెతికింది. ఏడింట్లోనూ వెతికింది. ఈగలు చుట్టూ తిరుగుతున్నాయి గానీ తొట్లలో ఒక్క పురుగు లేదు. వచ్చేటప్పుడు చిలకమ్మ సందు మొగలో నిలబెట్టి, ఈ సంగతి మగవాళ్ళ చెవిన వెయ్యొద్దంది. తమ మొగుళ్ళకి కూడా ఎన్ని తొట్లున్నాయో తెలీదని, తెలిస్తే అవి సారాకొట్టుకి నడిచి పోతాయని చెప్పింది. కామేశ్వరి మాటిచ్చింది. అంత పెద్ద రహస్యం తన చేతిలో పెట్టినవాళ్ళు లేరు కనక గర్వపడింది కూడా.

ఆషాఢంలో ఓ ఆదివారం భీమశంకరరావు తన పైఅధికారి అర్జునరావుని భోజనానికి పిలిచాడు. కామేశ్వరి నాలుగు గంటలకి లేచింది. వంకాయ కూర, పులిహోర, గారెలు, సేమ్యా పాయసం. ఇద్దరికీ రెండు వైపులా తిరిగి విసిరింది. పాయసం రెండోసారి వడ్డించడానికి వంగినప్పుడు ఓ ఈగ అర్జునరావు గిన్నెలో పడింది. ఆయన మర్యాదస్తుడు, చెంచాతో తీసి పక్కన పెట్టి, ఫరవాలేదమ్మా అన్నాడు. ఫరవాలేదనుకోనిది భీమశంకరరావే. "ఊరందరికీ పాఠం చెబుతానండీ. మా ఇంట్లో శిష్యురాలే మొద్దు" అన్నాడు నవ్వుతూ. అర్జునరావు కూడా నవ్వాడు. కామేశ్వరి చేతిలో పాయసం గిన్నె ఉంది, ఎక్కడ పెట్టాలో తెలీలేదు.

అతిథిని సాగనంపి ఆయన వంటింట్లోకొచ్చాడు. గొంతు పెంచలేదు. పదకొండేళ్ళలో ఒక్క పనికి, ఒక్కటంటే ఒక్క పనికి పనికొచ్చావా అని అడిగాడు. ఆమె కుండీ గురించి చెప్పొచ్చు. చెబితే ఏమంటాడో ఆమెకి తెలుసు. ఆయన వినే మాట ఏదన్నా ఉంటుందా అని ఆమె మనసు గాలించుకుంది, అదీ ఒక్క క్షణంలోనే.

"అవి మనింట్లో ఈగలు కావండీ. వెనకసందు గోడౌన్లో చేపలు ఊరేస్తున్నారు. అక్కణ్ణించి వస్తున్నాయి" అంది.

ఆయన ఆగిపోయాడు. ఏ గోడౌను, ఎవరు, ఎన్నాళ్ళనుంచి అని అడిగాడు. ఆమెని ముందుగదిలోకి రమ్మని, నోట్‌బుక్కు తెచ్చుకుని, కుర్చీ చూపించి, "కూర్చో" అన్నాడు. ఆమె ఆయనకి ఎదురుగా కుర్చీలో కూర్చుంది. ఫ్యాను గాలి తగిలింది. ఎన్ని తొట్లని అడిగితే ఏడంది. ఆయన రాసుకున్నాడు. ఆమె చెప్పిన మాట ఆయన రాసుకోవడం అదే మొదలు. ఆ పావుగంటసేపూ ఆమెకి సంతోషంగా ఉంది. తరవాత ఎన్ని రాత్రులు, ఎన్ని పగళ్ళు ఏడ్చినా ఆమెకి మింగుడుపడనిది ఆ సంతోషమే. భయపడి చెప్పి ఉంటే తనని తాను క్షమించుకునేదేమో. సంతోషంగా చెప్పింది, ఆ తొట్లలో పురుగు లేదని తన కళ్ళతో చూసి కూడా.

గురువారం నాడు మునిసిపాలిటీ మనుషులొచ్చి తొట్లు పగలగొట్టారు. చేపల మీద ఫినైలు పోసి బండికెత్తారు. గోడౌను తలుపుకి కొత్త తాళం పడింది. కామేశ్వరి వంటింట్లో కూర్చుని ఆ చప్పుళ్ళన్నీ విన్నది. మర్నాడు ఒంటిగంటకి చిలకమ్మ రాదనుకుంది, రాకపోతే బాగుండుననీ అనుకుంది. వచ్చింది. నూతిగట్టు మీద కూర్చుని, చెంగుతో మొహం తుడుచుకుని, జరిగిందంతా మొదటినుంచీ చెప్పింది. ఇదంతా కాశమ్మ పనేనంది. ఏడుగురిలో కాశమ్మ ఒకర్తి. తొట్టి చోటు కోసం కిందటి నెలలో పోట్లాడింది, ఆ తరవాత ఇన్‌స్పెక్టరు ఆఫీసు బంట్రోతుతో మాట్లాడుతూ కనబడిందట. కామేశ్వరి కాశమ్మని ఎన్నడూ చూడలేదు. తను గోడౌనుకి వెళ్ళిన రోజున ఆమె రాలేదు.

"ఇన్‌స్పెట్రు బాబు ఏటి సేత్తారు, సెప్పినోల్లుంటే రావాల గదా. మీకు కాక ఇంకెవులికి సెప్పుకుంతానమ్మా, మీరు మా మనిసి" అంది చిలకమ్మ.

కామేశ్వరి అయ్యో అంది.

రేపు చెబుదామనుకుంది. రేపటికి చిలకమ్మ కాశమ్మ గురించి ఇంకో కొత్త సంగతి తెచ్చింది. ఆడవాళ్ళంతా ఆమెతో మాటలు మానేశారట. అంతేనా అనుకుంది కామేశ్వరి, మాటలు మళ్ళీ కలుస్తాయిలే అని సరిపెట్టుకుంది. వారం తిరిగాక తెలిసింది, హార్బర్లో కాశమ్మ గంపకి చెయ్యి వేసేవాళ్ళు లేరని. పాటలో చేపలు కొంటుంది, గంప నింపుతుంది, ఎదురుగా నిలబడి లేపేవాళ్ళు ఉండరు. మోకాలి మీద పెట్టుకుని ఒక్కతే ఎత్తుకోబోతే గంప తిరగబడి చేపలన్నీ నేలపాలయ్యాయట. ఇప్పుడు సగం గంపే తెచ్చుకుంటోందట. చిలకమ్మ ఇది చెబుతూ నవ్వింది. కామేశ్వరికి ఆ నవ్వు చూడబుద్ధి కాలేదు. ఇంత మంచి మనిషి చేత ఇలా నవ్విస్తున్నది తనే కదా అనిపించింది. ఆ రోజు చిలకమ్మ గంపకి చెయ్యి వేసినప్పుడు కాశమ్మ గంపే కళ్ళలో మెదిలింది. అయినా చెప్పలేదు. చెబితే రేపు ఒంటిగంటకి ఎవరూ రారు. ఆ ఒంటిగంట పోతే రోజంతటిలో తనకంటూ ఇంకేమీ మిగలదని, ఆమె ఆలోచనంతా అక్కడికే వచ్చి ఆగేది.

ఈలోగా భీమశంకరరావుకి ఆఫీసులో మెప్పు వచ్చింది. ఉపన్యాసంలో ఓ కొత్త ముక్క చేరింది. ఈగలు ఎటునుంచి వస్తున్నాయో తను స్వయంగా రెండు వారాలు గమనించి ఆ గోడౌను పట్టుకున్నానని చెబుతున్నాడట. రెండు వారాలు గమనించింది ఆమె, కుండీని. తన పేరు రాలేదని ఆమెకి ఓ పక్క ఉక్రోషం, రాకపోబట్టి బతికిపోయానని ఇంకో పక్క ఊరట. ఆ రెండిట్లో దేనికి ఎక్కువ సిగ్గుపడాలో ఆమెకే తెలీలేదు. ఆయన మళ్ళీ ఎన్నడూ ఆమెని కూర్చోమనలేదు. ఇంట్లో ఈగలు ఒక్కటి తగ్గలేదు. వాటి గురించి ఇప్పుడేమంటావని అడిగే ధైర్యం ఆమెకి లేదు, అడగాలన్న ఊహ ఆయనకి రాలేదు.

శ్రావణం వెళ్ళాక ఓ మధ్యాహ్నం చిలకమ్మ చేపలు తీసి చేటలో పరుస్తూ చెప్పింది. "కాశమ్మ ఎలిపోనాదమ్మా. భీమిలిలో సెల్లెలింటికట. ఇక్కడ బతకనేక ఎలిపోనాది. పీడా పోయింది."

కామేశ్వరి నూతిలోకి చేద వెయ్యబోతున్నదల్లా తాడు వదలకుండా అలాగే నిలబడిపోయింది. మాటలు కలుస్తాయిలే అనుకుంటూ వచ్చింది ఇన్నాళ్ళూ. కలవడానికి ఇప్పుడు మనిషే లేదు.

"కాశమ్మ కాదు చిలకమ్మా. నేను చెప్పాను" అంది.

చిలకమ్మ తల ఎత్తి చూసింది. అర్థం కాలేదనుకుని కామేశ్వరి ఇంకోసారి చెప్పింది. ఆయనకి తనే చెప్పానని, ఈగలు అక్కణ్ణించి రావడం లేదని తెలిసే చెప్పానని, తొట్లు ఏడని కూడా తనే చెప్పానని. చిలకమ్మ తిట్టలేదు. తిడుతుందనే కామేశ్వరి ఎదురుచూసింది, ఆ తిట్లు పడితే కాస్త తేలికవుతుందని ఆశపడింది కూడా. చిలకమ్మ చేటలో పరిచిన చేపల్ని ఒక్కొక్కటే తీసి మళ్ళీ గంపలో పెట్టుకుంది. చాలాసేపు పట్టింది.

"ఈ మాట నాకు సెప్పి ఏటి నాబం? దానికి సెప్పాల" అంది ఆఖరికి. "నానూ సెప్పాల. నానే గదా అందరికీ సెప్పి దాని గంపకి సెయ్యెయ్యనియ్యనేదు" అంది.

లేచి గంప ఎత్తుకోబోయింది. కామేశ్వరి అలవాటుగా ముందుకొచ్చింది. చిలకమ్మ "ఒద్దు" అని, గంపని నూతిగట్టు మీదికి ఎలాగో చేర్చి, కింద కూర్చుని తలకి ఆనించుకుని, లేచి వెళ్ళిపోయింది. చేపల నీళ్ళు ఆమె వీపు మీద కారుతున్నాయి.

మర్నాడు పొద్దున్నే కామేశ్వరి అన్నం, కూర, చారు వండి మూతలు పెట్టి, పిల్లని బడికి పంపి, చీర మార్చుకుంది. ఎక్కడికని అత్తగారు అడిగింది. భీమిలికి, సాయంత్రానికి వస్తానంది. మగాడు భోజనానికొచ్చే వేళకి ఇంట్లో లేకపోవడమేమిటని, వాడికి వడ్డించేదెవరని, ఈగలు తోలేదెవరని వరహాలమ్మ ఒకదాని తరవాత ఒకటి అడిగింది. ఆవిడ కోపంగా కూడా లేదు, నిజంగానే తెలియక అడుగుతోంది.

"ఆయన్నే తోలుకోమనండి అత్తయ్యగారూ" అని చెప్పి కామేశ్వరి చెప్పులు వేసుకుంది.

బస్సులో కిటికీ పక్కన కూర్చుని చెప్పవలసిన మాట కూర్చుకుంది. మా ఆయన ఆ రోజు కోపంగా ఉన్నారు. మా ఆయన అడిగితే చెప్పాల్సొచ్చింది. మా ఆయన ఇంత పని చేస్తారనుకోలేదు. ఎటునుంచి ఎత్తుకున్నా వాక్యం మొదట్లో ఆయనే వచ్చి కూర్చుంటున్నాడు. వాటిలో అబద్ధమేమీ లేదు. అర్జునరావు ముందు ఆయన అలా నవ్వి ఉండకపోతే ఆమె నోట ఆ మాట వచ్చేది కాదు, అదీ నిజమే. కానీ ఆ తరవాత రెండు నెలలపాటు హార్బర్లో ఓ మనిషి నిండు గంప పక్కన ఒంటరిగా నిలబడి ఉంటే, నోరు మూసుకుని తన ఒంటిగంట కాపాడుకున్నది ఆయన కాదు. ఆ భాగం పూర్తిగా తనదే. దాంట్లో ఆయనకి వాటా ఇవ్వడానికి లేదు. బస్సు రుషికొండ దాటేసరికి ఆమె ఆ వాక్యాలన్నీ వదిలేసింది. కొత్తది ఒక్కటీ దొరకలేదు.

భీమిలి ఒడ్డున అడిగితే ఇల్లు చూపించారు. తాటాకుల చూరు కింద ఓ నడివయసు మనిషి కూర్చుని రొయ్యలు ఏరుతోంది. కామేశ్వరి ఊహించుకున్నంత పోట్లాట మనిషిలా లేదు. బక్కగా ఉంది, ఒక కన్ను కాస్త మెల్ల. ఎండలో నిలబడ్డ కొత్త మనిషిని చూసి రొయ్యల చేట పక్కకి జరిపింది.

"ఎవులమ్మా మీరు? ఏ ఇంటోరు?" అని అడిగింది.

ఆ ప్రశ్నకి కామేశ్వరి దగ్గర ఎప్పుడూ ఓ జవాబు తయారుగా ఉండేది. మొదట పుట్టింటిది, తరవాత ఇన్‌స్పెక్టరుగారిది.

"నా పేరు కామేశ్వరి" అంది. "మీ గోడౌను సంగతి చెప్పింది నేను."